చెప్పింది చెప్పినట్టు

నాలుగింటికి సభ. ఆవిడ డ్యూటీ మూడున్నరకి దిగుతుంది. దిగాక హాల్లోకి వెళ్ళాలంటే ఈ వరండా మీదుగానే వెళ్ళాలి, వేరే దారి లేదు, వచ్చేటప్పుడే చూసుకున్నాను. ఇప్పుడు మూడు దాటి రెండు నిమిషాలు. ఈ అరగంటలో ఒక మాట తయారు చేసుకోవాలి. ముప్పై రెండేళ్ళుగా పిల్లలకి వాక్యాలు రాయడం నేర్పుతున్నవాణ్ణి, ఒక్క వాక్యం కుదరడం లేదు. 'అమ్మా, ఒక చిన్న పొరపాటు జరిగింది.' చిన్నది కాదు. పొరపాటూ కాదు. దానంతటది జరగనూ లేదు, నేను చేశాను. ఒక్క వాక్యంలో మూడు అబద్ధాలు. సంచిలో ఈ సంస్థవాళ్ళ పత్రిక ఉంది. పన్నెండో పేజీలో ఆవిడ ఫొటో, ఫొటో కింద ఆవిడ పేరు, పేరు కింద నేను రాసిన వ్యాసం. నాలుగింటికి పెద్ద మేడమ్ ఆ పేజీని మైకులో చదువుతారట. చదివి, పర్మనెంటు ఉద్యోగం ఆర్డరు ఆవిడ చేతికిస్తారట. ఈలోగా ఆవిడకి ఎవరూ చదివి వినిపించవద్దని, సభలోనే మొదటిసారి విననిద్దామని అందరికీ చెప్పి ఉంచారట. తన పేరుతో అచ్చయిన మాటల్ని ఆవిడ రెండు వందల మంది మధ్య కూర్చుని వింటుంది. అవి తను చెప్పినవి కాదని మొదటి వాక్యానికే తెలిసిపోతుంది. చూపు లేదు గాని, విన్నది పోగొట్టుకునే మనిషి కాదు. అప్పుడు ఏం చేయాలి ఆవిడ? లేచి ఇది నాది కాదంటే ఉద్యోగం పోతుంది. అనకుండా చప్పట్లు కొట్టించుకుంటే, నా అబద్ధాన్ని రిటైరయ్యేదాకా తను మోయాలి. ఆ రెండింటి మధ్యకి ఆవిడని నెట్టింది నేను. సాయం చేయడానికి వెళ్ళి.

హాల్లో కుర్చీలు సర్దుతున్నారు. ఇనుప కాళ్ళు నేల మీద గీసుకుంటున్న చప్పుడు, బళ్ళో చివరి గంట కొట్టగానే వినిపించే చప్పుడు, ఆ చప్పుడు వినగానే చాక్‌పీసు కింద పెట్టి ఇంటికి వెళ్ళాలనిపిస్తుంది, ఇంటికి వెళ్ళి ఏం చేయాలో తెలియకపోయినా. గుమ్మం దగ్గర ఒక అటెండరు, చీపురు పట్టుకున్న ఒకమ్మాయి మాట్లాడుకుంటున్నారు.

"తొమ్మిదమ్మ రాసింది చదివావా?"

"నాకు చదువొస్తే నీతో కలిసి కుర్చీలెందుకు మోస్తాను బాబాయ్."

"మీ పిన్ని చదివి వినిపించింది. చదువుతూ ఏడ్చింది."

"నిన్ను చూసి ఏడ్చుంటుంది."

"నవ్వు, నవ్వు. అంత మంచి మనిషి నిజంగా ఉంటుందా అని అడిగింది. ఏం చెప్పను?"

"పోయిందటగా ఆవిడ. ఇంక మంచిదే అవుతుందిలే."

తొమ్మిదమ్మ అంటే నేను ఎదురుచూస్తున్న ఆవిడే. ఈ భవనంలో ఏ గదిలోంచి ఫోన్లో తొమ్మిది నొక్కినా ఆవిడ పలుకుతుంది. పదకొండేళ్ళుగా టెంపరరీగానే పలుకుతోంది. ఆ పోయిన మంచి మనిషి నా భార్య. ఆ రెండో సంగతి ఇక్కడ ఎవరికీ తెలియదు. నేను ఎవరినని అడిగితే ఆ అటెండరుకి ఏం చెబుతాను, పరీక్ష రాసిపెట్టిన సారుని అంటాను, మొన్న ఫోన్లో ఈ సంస్థవాళ్ళూ అలాగే పిలిచారు. 'మీకూ ముందు వరసలో కుర్చీ వేయించాం సార్, తప్పకుండా రావాలి, చదువుతూ మా సెక్షన్లో ఇద్దరు కళ్ళు తుడుచుకున్నారు.' నేను ఆ మాటకి సంతోషించాను. ముందు అది ఒప్పుకోవాలి. ఫోను పెట్టేశాక అద్దంలో చూసుకుని జుట్టు సరిచేసుకున్నాను.

నా భార్య పోయిన నాలుగో నెలలో ఆమె ఫోను మోగింది. దాన్ని నేను ఆపలేదు, రోజూ చార్జింగు పెడుతూ ఉండేవాణ్ణి, ఎందుకని ఎవరూ అడగలేదు కాబట్టి నేనూ అడుక్కోలేదు. చూపులేనివాళ్ళ సంఘం నుంచి ఎవరో కొత్తమ్మాయి. "మేడమ్ ఉన్నారాండీ?" లేరన్నాను. "ఎప్పుడొస్తారండీ?" ఆ ప్రశ్నకి ఇన్నాళ్ళూ ఎవరికీ జవాబు చెప్పవలసి రాలేదు. పనేమిటో చెప్పమన్నాను. ఆదివారం ఒకావిడకి ఉద్యోగం పర్మనెంటు చేసే పరీక్ష ఉందనీ, ఆవిడ చెబుతుంటే రాసిపెట్టడానికి స్క్రైబు కావాలనీ, జాబితాలో ఉన్నవాళ్ళెవరూ దొరకడం లేదనీ అంది. నేను వస్తాను అన్నాను. అని, చాలాసేపు ఆ ఫోను చేతిలోనే పట్టుకుని కూర్చున్నాను. ఆమె వెళ్ళే చోటికి, ఆమె చేసే పనికి, ఆమె బదులు. ఆరేళ్ళు మంగళవారం, శుక్రవారం మధ్యాహ్నం సంచి భుజాన వేసుకుని వెళ్ళేది. పాఠాలు, పేపర్లు, రూలు పుస్తకాలు చదివి వినిపించేది. సాయంత్రం గొంతు బొంగురుపోయి వచ్చి వేడినీళ్ళలో ఉప్పు వేసుకునేది. నేను నోటు పుస్తకాలు దిద్దుకుంటూ తల ఎత్తకుండానే ఎలా జరిగింది అనేవాణ్ణి. బాగానే జరిగింది అనేది. ఆ రెండు మాటలతో మా మంగళవారం అయిపోయేది. ఒకసారి, "మీరూ రాకూడదూ, మీ గొంతు బాగుంటుంది చదివితే" అంది. పరీక్ష పేపర్లున్నాయన్నాను. నిజమే, ఉన్నాయి. ఎప్పుడూ ఉండేవి. ఆసుపత్రిలో ఆమె చివరి పదకొండు రోజుల్లో ఒకరోజు, ఎనిమిదో రోజనుకుంటాను, కళ్ళు మూసుకునే, "ఏదైనా చదవండి" అంది. పక్కన దినపత్రిక ఉంది. కళ్ళద్దాలు జేబులోనే ఉన్నాయి. పక్క మంచం వాళ్ళు చూస్తున్నారు. నలభై మంది ముందు పద్యం ఎలుగెత్తి చదివేవాణ్ణి, ఆ ఇద్దరి ముందు నాకు సిగ్గేసింది. విశ్రాంతి తీసుకో అన్నాను. ఆమె సరే అంది. ఆమె చాలా వాటికి సరే అనేది.

మూడుంపావు. ఎవరో మైకులో ఊదుతున్నారు. అలా ఊదకూడదు, వేలితో తట్టాలి, బళ్ళో అయితే వెళ్ళి చెప్పేవాణ్ణి. నాకు ఎప్పుడూ అదే జబ్బు.

పరీక్ష గేటు దగ్గర సంఘం కార్యదర్శి నన్ను గుర్తుపట్టాడు, దహనానికి వచ్చిన మనిషి. పక్కకి పిలిచి, "మాస్టారూ, ఈవిడకేనండీ మేడమ్ ఆరేళ్ళు చదివి వినిపించింది. మీరెవరో చెప్పమంటారా?" అన్నాడు. పరీక్ష ముందు ఎందుకు, మనసు చెదురుతుంది అన్నాను. ఎవరి మనసు అని ఆయన అడగలేదు. ఆయన ఇచ్చిన కాగితం మీద సంతకం పెట్టాను, అభ్యర్థి చెప్పినది చెప్పినట్టు రాస్తాను, ఏమీ కలపను, ఏమీ తీయను అని. స్క్రైబుకి చదువు అభ్యర్థికంటే తక్కువ ఉండాలని కొన్ని పరీక్షల్లో నియమం ఉంటుందట. నన్ను చూస్తే ఆ నియమం ఎందుకు పెట్టారో ఎవరికైనా తెలుస్తుంది.

ముందు రెండు గంటలు నేను మంచి స్క్రైబునే. టిక్కులు పెట్టాను, ఉత్తరాలు రాశాను. ఆవిడ ఒక జవాబు తప్పు చెబితే పెన్ను ఆగింది గాని తప్పే రాశాను, అందుకు లోపల కొంచెం గర్వపడ్డాను కూడా. చివరి ప్రశ్న వ్యాసం. మీకు స్ఫూర్తినిచ్చిన వ్యక్తి గురించి రాయండి, ఇరవై అయిదు మార్కులు. ఆవిడ ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. 'అక్క మంగళవారం, శుక్రవారం వచ్చేది' అని మొదలుపెట్టింది. పేరు చెప్పలేదు, అక్క అంతే. వచ్చేది అని ఎలా రాస్తాం పరీక్ష పేపర్లో, వచ్చేవారు అని రాశాను. అది మర్యాద, మార్పు కాదనుకున్నాను. 'చదువుతూ చదువుతూ కునికేది' అంది ఆవిడ. అలసట ఎరుగక చదివేవారు అని రాశాను. ఎందుకు రాశానో నాకు తెలియలేదు, చేయి రాసింది అనాలనిపిస్తోంది, చేతులు వాటంతటవి రాయవు. 'లెక్కల పుస్తకమైతే విసుక్కునేది' అంది. చిరునవ్వు చెదరనిచ్చేవారు కాదు అని రాశాను. 'ఒకసారి మూడు పేజీలు వదిలేసి చదివి, నేను కనిపెడితే, దొరికిపోయానే అని పకపకా నవ్వింది.' ఆమె పకపకా నవ్వడం నేనెప్పుడు విన్నాను? గుర్తు చేసుకోవడానికి ప్రయత్నిస్తున్నాను, ఇప్పుడు కూడా, పెళ్ళయిన కొత్తలో ఒకసారి బస్సులో, గొడుగు అడ్డం తిరిగినప్పుడు, అంతే. తర్వాత ఆవిడ అంది, ఏ మార్పూ లేని గొంతుతో, నేను వెనకబడకుండా ఒక్కో మాటా విడదీసి: 'అక్కా, నాకోసం ఇంత కష్టం ఎందుకు పడతావు అని ఒకరోజు అడిగాను. అక్క అన్నది, నీకోసమనుకుంటున్నావా, మా ఇంట్లో మాటలకి కరువు. ఆయన మంచివాడే. ఒక్క మాట తప్పు మాట్లాడడు. అసలు మాట్లాడితే కదా. ఇక్కడికొస్తే రెండు గంటలు నా గొంతు నాకు వినపడుతుంది.' "రాశారా సార్?" అంది. రాస్తున్నానమ్మా అన్నాను. రాస్తున్నాను. త్యాగం అనే మాట రాశాను. ప్రతిఫలాపేక్ష లేని సేవ అని రాశాను. నా చీకటి బతుకులో ఆమె వెలిగించిన దీపం అని, ఏటా వక్తృత్వ పోటీల్లో వినీ వినీ నేనే ఎర్ర సిరాతో కొట్టేసే మాటలు, ఒకదాని వెంట ఒకటి, చక్కగా, తలకట్లు తప్పకుండా. ఆవిడ చెబుతూనే ఉంది, నేను నాది రాస్తూనే ఉన్నాను. పర్యవేక్షకుడు పక్కనుంచి వెళుతూ ఒంగి చూసి, దస్తూరీ ముత్యాల్లా ఉందండీ అన్నాడు.

అక్కడితో ఆగినా బాగుండేది. పది నిమిషాలు మిగిలాయి. "ఒకసారి చదివి వినిపించండి సార్" అంది. నేను కాగితం ఎత్తి పట్టుకుని, నా అక్షరాల మీద కళ్ళు పెట్టి, ఆవిడ మాటల్ని చదివాను. గుర్తున్నవాటిని, అన్నిటినీ. కునికేది, విసుక్కునేది, మాటలకి కరువు. మధ్యలో ఒకచోట తడబడ్డట్టు కూడా నటించాను, నిజంగా చదువుతున్నట్టు ఉండాలని. నాకు అంత జ్ఞాపకశక్తి ఉందని నాకే తెలియదు. తన వాక్యాలు తనకి అక్షరం పోకుండా తిరిగొచ్చాయి, అందుకు ఆవిడ, "ఎంత బాగా రాశారు సార్, మాట మార్చకుండా. వేరేవాళ్ళయితే సొంత తెలివి చూపిస్తారు" అంది. ఈ మాట నాకు రోజూ ఏదో ఒక వేళ వినిపిస్తుంది. ఎక్కువగా తరగతిలో, బోర్డు వైపు తిరిగి రాస్తున్నప్పుడు.

ఆ సాయంత్రం నడిచి ఇంటికి వచ్చాను. తేలిగ్గా ఉంది. ఇది కూడా చెప్పాలి, ఇదే అన్నిటికంటే చెప్పరానిది. ఒకరికి పనికొచ్చాను అనిపించింది. ఆమె ఇందుకోసమే వెళ్ళేదన్నమాట, ఈ తేలికదనం కోసం, అనుకున్నాను. ఆమె దేనికోసం వెళ్ళేదో చెవులారా విని, కాగితం మీద చెరిపేసి, రెండు గంటలైనా కాలేదు. నాలుగు నెలల తర్వాత మొదటిసారి మధ్యలో మెలకువ రాకుండా నిద్రపోయాను. ఆ తర్వాతి రెండున్నర నెలల్లో సంఘానికి ఇంకో మూడుసార్లు వెళ్ళాను, వేరేవాళ్ళకి ఫారాలు నింపాను, కరెంటు బిల్లులు చదివాను, వాళ్ళు సార్ సార్ అంటుంటే నాకు బాగుంది. బళ్ళో తోటి టీచర్లు మీ ముఖంలో కళ వచ్చింది మాస్టారూ అన్నారు. పోస్టులో పత్రిక వచ్చింది మూడు రోజుల క్రితం. పరీక్షలో ఎక్కువ మార్కులొచ్చిన వ్యాసమని ఆవిడ పేరుతో అచ్చు వేశారు. ఆమె కుర్చీలో కూర్చుని చదివాను. అచ్చులో నా మాటలు నాకే పరాయిగా ఉన్నాయి. ఒక్కో వాక్యంలో ఆమె కోసం వెతికాను. ఆ పేజీలో కునికే మనిషి లేదు, విసుక్కునే మనిషి లేదు, నవ్వే మనిషి లేదు. ఆరేళ్ళు ఆమె బతికిన గదిలోంచి కూడా ఆమెని బయటికి పంపేశాను. ఇంట్లోలాగే.

కర్ర చప్పుడు. గోడ వారగా, ఒకే కొలతలో. మూడు ముప్పై అయిదు. ఇప్పుడు కూడా లేచి వెళ్ళిపోవచ్చు, నేను ఇక్కడ ఉన్నానని ఆవిడకి తెలియదు, ఊపిరి బిగబడితే చాలు, ఆవిడ దాటి వెళ్ళిపోతుంది. ఈ ఆలోచన వచ్చిందని కూడా లెక్క వేసుకోవాలి. దగ్గరికి వచ్చింది. కొత్త చీర, మడతల గీతలు ఇంకా పోలేదు.

"అమ్మా," అన్నాను.

ఆగింది. "పరీక్ష సారు కదూ. మీ గొంతు మరిచిపోతానా, ఇరవై అయిదుకి ఇరవై నాలుగు తెప్పించిన గొంతు. ఆ ఒక్క మార్కు ఎందుకు కోశారో పెద్ద మేడమ్‌ని అడగాలి ఇవాళ."

"ఆ ఇరవై నాలుగూ నావమ్మా."

"సగం ఇచ్చేస్తాను, ఉంచుకోండి," అని నవ్వింది.

"మీరు చెప్పింది నేను రాయలేదు. వ్యాసం వరకు. నా సొంతం రాశాను."

నవ్వు ముఖం మీద కొంచెంసేపు అలాగే ఉండిపోయింది. "చదివి వినిపించారుగా."

"గుర్తున్నది చెప్పాను."

"కాగితం చూస్తూనా?"

"చూస్తూనే."

ఆవిడ కర్రని గోడకి ఆనించి బల్లని తడుముకుని కూర్చుంది. ఏం రాశారో చదవమంది. సంచిలోంచి పత్రిక తీశాను, చదివాను. హాల్లో కుర్చీల చప్పుడు ఆగిపోయింది, నా గొంతు వరండా చివరిదాకా వెళుతున్నట్టనిపించింది. నా చీకటి బతుకులో అన్న దగ్గర చెయ్యి ఎత్తింది. "చీకటా? చీకటెలా ఉంటుందో నాకేం తెలుసు సార్. మీకే తెలియాలి." చివరిదాకా చదివాను, ఆపమని ఆవిడ అనలేదు గనక. చదవడం అయ్యాక, "ఇందులో అక్క ఎక్కడుంది?" అంది. పత్రిక మడిచి సంచిలో పెట్టాను. "ఎందుకు చేశారు ఇలా?" అంది. నేనెవరో చెప్పవలసిన చోటు అదే. బాగుంటుందని అన్నాను.

"మీరు చెప్పేసి ఇంటికెళ్ళి పడుకుంటారు. నేనేం చెయ్యను?"

"పెద్ద మేడమ్‌తో నేను మాట్లాడతాను. మీ తప్పేమీ లేదని రాసిస్తాను."

"మీరు రాసిస్తారా?" అంది. తల వంచుకున్నాను. ఆవిడకి కనిపించదని తెలిసీ వంచుకున్నాను. "వద్దు సార్, ఈసారి నేనే చెబుతాను. మీరు పక్కన నిలబడండి చాలు. పదండి." లేచింది. నేను ఆవిడ మోచెయ్యి పట్టుకున్నాను. విడిపించుకుని, నా మోచెయ్యి తను పట్టుకుంది. "మీరు నన్ను పట్టుకోకూడదు, నేనే మిమ్మల్ని పట్టుకోవాలి. అక్కకి మొదటి రోజే నేర్పాను." ఆ పట్టు చాలా తేలిగ్గా ఉంది. అడుగు ఎంత వేయాలో తెలియక రెండుసార్లు ఆగాను. ఆమె ఇలాగే నడిచి ఉంటుంది, ఆరేళ్ళు, ఏదో వరండాలో, ఈ వేళ్ళు తన మోచేతి మీద. ఆమెని నేను చెయ్యి పట్టుకుని నడిపించినది ఒక్క ఆసుపత్రి మెట్ల మీదే.

పెద్ద మేడమ్ తన గదిలో అదే పేజీ ముందు పెట్టుకుని ఉన్నారు. ఎక్కడ ఆగి చదవాలో పెన్సిలుతో గీతలు పెట్టుకున్నారు. ఆవిడ నాలుగు వాక్యాల్లో చెప్పేసింది, నన్ను ఒక్క మాట తిట్టకుండా, ఒక్క మాట వెనకేసుకు రాకుండా. మేడమ్ కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టారు. నన్ను చూశారు, చూసి, చూపు తిప్పుకున్నారు. ఏమైనా అని ఉంటే బాగుండేది.

"ఈ మార్కులు తీసేస్తే మిగిలినవి చాలవు. ఇవాళ ఆర్డరు ఇవ్వలేను. తెలుసా మీకు?"

"తెలుసు మేడమ్."

"ఊరుకుంటే ఎవరికీ తెలిసేది కాదు కదా."

"అక్క కునికేది మేడమ్. కునకలేదని అంతమంది అనుకుంటే నాకు బాగోదు."

మేడమ్ తెల్లకాగితం ఒకటి లాగి పెన్ను తీసుకున్నారు. దీన్ని కమిటీకి పంపుతాననీ, వాళ్ళు ఆవిడ జవాబు చూసి మళ్ళీ మార్కులు వేస్తారో, పరీక్షే కొట్టేస్తారో తను మాట ఇవ్వలేననీ అన్నారు. "మీరు అప్పుడు ఏం చెప్పారో చెప్పండి."

"నాకు అచ్చంగా గుర్తులేదు మేడమ్, ఇన్నాళ్ళయింది. సారుకుంది," అని నా మోచేతిని చిన్నగా తట్టింది. "చెప్పండి సార్."

చెప్పాను. అక్క మంగళవారం, శుక్రవారం వచ్చేది. చదువుతూ చదువుతూ కునికేది. మేడమ్ పెన్ను వెనకబడకుండా ఒక్కో మాటా విడదీసి చెప్పాను. లెక్కల పుస్తకమైతే విసుక్కునేది. దొరికిపోయానే అని పకపకా నవ్వింది. నీకోసమనుకుంటున్నావా, మా ఇంట్లో మాటలకి కరువు. ఆయన మంచివాడే. ఒక్క మాట తప్పు మాట్లాడడు. అసలు మాట్లాడితే కదా.

"ఆయనంటే?" అన్నారు మేడమ్, తల ఎత్తకుండా.

"అక్కావాళ్ళాయన మేడమ్," అంది ఆవిడ.

"నేను," అన్నాను.

పెన్ను ఆగింది. మోచేతి మీది వేళ్ళు కదలలేదు. తర్వాత ఒక్కొక్కటిగా తీసుకుంది ఆవిడ. గోడ అవతల ఎవరో మైకులో హలో, హలో అంటున్నారు. క్షమించమని అడగవచ్చు, ఆ మాట నాలుక చివర ఉంది, చక్కటి మాట, తప్పులేని మాట. అది ఆవిడ చెప్పిన వాక్యాల్లో లేదు. పక్కనుంచి ఆవిడ గొంతు వినిపించింది, పరీక్ష గదిలో వినిపించిన గొంతే.

"ఇంకా ఉంది సార్. ఆపకండి."

"ఇక్కడికొస్తే రెండు గంటలు నా గొంతు నాకు వినపడుతుంది, అన్నది అక్క," అన్నాను. "ఆ రోజు నాకు బరువు దిగింది. అప్పటిదాకా నేను తీసుకునేదాన్నే అనుకున్నాను. ఆ తర్వాత అక్క వచ్చిన ప్రతిసారీ పుస్తకం వెంటనే ఇచ్చేదాన్ని కాదు. ముందు అక్కని మాట్లాడనిచ్చేదాన్ని."

మేడమ్ రాసుకుంటున్నారు. చివరి వాక్యం ఇంకోసారి చెప్పమన్నారు.

చెప్పాను.